ఆ మూతితో రాని మాట

మధ్యాహ్నం సినిమా ఆట చూసి వచ్చిన బోహుమిల్ మెడలో మఫ్లరైనా విప్పకుండా తిన్నగా వంటింట్లోకి వచ్చి, పొయ్యి పక్కన స్టూలు లాక్కుని కూచున్నాడు. మరదలు వ్లాస్తా పిండిలో గసగసాల ముద్ద పెట్టి రొట్టెలు మడుస్తోంది. తమ్ముడు లాడా బల్ల దగ్గర కాఫీ తాగుతున్నాడు.

“ఇవాళేం మాట్లాడుకున్నారు బావగారూ?” అని వ్లాస్తా అతని వైపు పూర్తిగా తిరిగి, పెదవులు కనబడేలా అడిగింది.

“ఏముందమ్మా! హీరో మోకాళ్ళ మీద కూలబడ్డాడు. ‘నీ కోసం ఏడు సముద్రాలైనా ఈదుతాను’ అని తెర మీద అచ్చేసి చూపించారు. వాడన్నదేంటో తెలుసా? ‘కింద మేకు గుచ్చుకుంటోంది, తొందరగా కానివ్వండ్రా బాబూ’ అని. హీరోయినేమో వాడి గుండెల మీద తల ఆనించి, కళ్ళనీళ్ళు కారుస్తూ, ‘మళ్ళీ ఉల్లిపాయలు తినొచ్చావా దరిద్రుడా’ అంది. హాల్లో ఆడవాళ్ళంతా ముక్కులు చీదుతున్నారు. నేనొక్కణ్ణే పొట్ట పట్టుకుని నవ్వాను.”

వ్లాస్తాకి పిండి చేతులతోనే నవ్వాగలేదు. లాడా ముక్కులోకి కాఫీ పోయింది.

మాట్లాడని సినిమాలు కదా, నటులు కెమెరా ముందు నోటికొచ్చింది అనేవాళ్ళు. అప్పులవాణ్ణి తిట్టుకునేవాళ్ళు, భోజనం సంగతి మాట్లాడుకునేవాళ్ళు. వినేవాడెవడు? వినేవాళ్ళు లేకపోయినా చూసేవాళ్ళున్నారని ఆ మహానుభావులకి తట్టేది కాదు. ఊళ్ళో ఉన్న చెవిటివాళ్ళందరికీ ఆ బాగోతమంతా తెలుసు.

బోహుమిల్ పుట్టు చెవిటివాడు కాడు. యుద్ధంలో, ఫ్రాన్సులో, ఒకే ఒక్క ఫిరంగి గుండు అతని వినికిడినీ, ఎడమ కంటినీ, పైపెదవిలో సగాన్నీ, దాని పక్కనున్న దవడ ముక్కనూ పట్టుకుపోయింది. ఆసుపత్రిలో కుట్టగలిగినంత కుట్టారు. ఎదుటివాడి పెదవుల్ని చూసి మాట పట్టుకోవడం నేర్పారు. అతని మాటలో మాత్రం ప, బ, మ అనేవి లేవు. పెదవులు కలిస్తే గానీ పలకని అక్షరాలవి, అతనికి కలవడానికి పెదవి లేదు. వాటి చోట ముక్కులోంచి కాస్త గాలి వచ్చేది. తన పేరు తనే చెప్పుకోలేడు. ఇంట్లోవాళ్ళు అలవాటు పడిపోయారు కనుక వాళ్ళ చెవులకి మాట నిండుగానే వినబడేది. నేనూ నిండుగానే రాస్తున్నాను.

వీధిలోకి వెళితే కంటి కిందిదాకా మఫ్లరు. లాస్ ఏంజెలెస్ ఎండలో ఉన్ని మఫ్లరు చుట్టుకున్న మనిషిని జనం ఎలాగూ చూస్తారు, కానీ మఫ్లరుని చూస్తారు, అంతే. చర్చికి పోడు, సెలూనుకి పోడు. అతను పోయే చోటు ఒక్కటే, ట్రాము దిగే మలుపులో ఉన్న చిన్న సినిమా హాలు. అక్కడ చీకట్లో మఫ్లరు వదులు చేసి, పదిమంది మధ్య పదిమందిలా కూచునేవాడు. చివరి అచ్చు పడీ పడగానే, దీపాలు వెలిగేలోగా, మళ్ళీ చుట్టుకుని పక్క తలుపులోంచి వచ్చేసేవాడు. ఆ చీకటే అతనికి ఊరూ, కచేరీ సావిడీ, స్నేహితులూ.

తమ్ముడు లాడా, అంటే లాడిస్లావ్ జెలింకా, ఆ తెర మీద దెయ్యం. నెబ్రాస్కాలో చెక్ రైతు ఇంట పుట్టి, గుడారాల నాటకాల వెంట తిరిగి, చివరికి దెయ్యాలకి తానే మొగుడనిపించుకున్నాడు. శవాలు, పిశాచాలు, గూనివాళ్ళు, కాలిపోయినవాళ్ళు, ఏ మొహమైనా సరే తన పెట్టె ముందేసుకుని తనే చేసుకునేవాడు. మైనం, దూది, జిగురు, ముక్కును పైకి లాగే చేప తోలు, ఆరుతున్నకొద్దీ చర్మాన్ని మడతలు పెట్టే మందు, గుడ్డికన్ను కావాలంటే గుడ్డు పెంకులోపలి పొర. ఆ పొర కంట్లో పెట్టుకుంటే మూడు రోజులు మంట. చూసేవాళ్ళకి వినోదం, చేసేవాడికి ప్రాణసంకటం అన్నమాట. అయినా ఎవర్నీ చెయ్యి వెయ్యనిచ్చేవాడు కాదు.

అన్నదమ్ముల మధ్య ఒక ఏర్పాటుంది. లాడా ప్రతి సినిమాలోనూ ఎక్కడో ఒకచోట, ఇంట్లో మాట్లాడే చెక్ భాషలో, అన్నయ్యకి ఒక కబురు చెప్పేవాడు. నిద్రపోతున్న పిల్ల మెడ మీదికి వంగి, కోరలు చూపిస్తూ, “అన్నయ్యా, నా చలికోటు నువ్వేసుకెళ్ళావు, మర్యాదగా ఇచ్చెయ్” అనేవాడు. శవపేటికలోంచి లేస్తూ, “ఆదివారం బాతు వండుతోంది, ఆలస్యం చేశావో మెడకాయే మిగుల్తుంది” అనేవాడు. హాలు హాలంతా కెవ్వుమంటే బోహుమిల్ పడీ పడీ నవ్వేవాడు. విడుదలైన రోజు మొదటి ఆటకే పోయేవాడు, ఆ కబురు కోసం. పండక్కి తమ్ముడు పెట్టే కొత్త బట్టల్లాంటిది అది.

ఇంట్లో ఇంకో వేడుక ఉండేది. మాటా మాటా పెరిగి తనకి కోపమొస్తే బోహుమిల్ తనకున్న ఒక్క కన్నూ మూసేసుకునేవాడు. ఇక ఎవరేం అరిచినా అతనికి అందదు. “అదిగో, దుకాణం కట్టేశారు” అనేది వ్లాస్తా. బేరానికి వచ్చినవాడు తెరిచేదాకా కూచోవలసిందే.

ఆ ఏడు క్విగ్లీ అనే డైరెక్టరు ఒక దీపస్తంభం కథ మొదలుపెట్టాడు. సముద్రం ఒడ్డున దీపం కాపలాకాసే మనిషి, మొహాన ముసుగు. ఒడ్డుకు కొట్టుకొచ్చిన అమ్మాయి ఆ ముసుగు లాగేస్తుంది. లోపలున్న మొహం చూసి హాలు లేచి పరుగెత్తాలి. కథంతా ఆ ఒక్క మొహంలోనే ఉంది. లాడా మొహం మీద మొహం చేసి చూపిస్తున్నాడు. క్విగ్లీ ఒక్కోదాన్నీ చూసి పెదవి విరుస్తున్నాడు.

“ఇదేం మొహమయ్యా! మా అత్తగారు పళ్ళు పెట్టుకోకముందు ఇంతకన్నా భయంకరంగా ఉంటుంది,” అన్నాడు ఒకసారి.

“అయితే ఆవిణ్ణే పెట్టుకోండి,” అన్నాడు లాడా ఒళ్ళుమండి.

“అడిగాను. రానంది. ఇదిగో లాడ్, నాకు బొమ్మ వద్దు. చేసిన మొహం వద్దు. జరిగిన మొహం కావాలి. రేపటికి తేలేకపోతే ఇంకొకణ్ణి చూసుకుంటాను, ఏమీ అనుకోకు.”

జరిగిన మొహం! ఆ మాట విన్నప్పుడే లాడాకి లోపల ఏదో కలుక్కుమంది. గుమ్మడికాయల దొంగ అనకముందే భుజాలు తడుముకున్నట్టు, “అలాంటివి నాకెక్కడ దొరుకుతాయి?” అన్నాడు. ఎక్కడ దొరుకుతుందో తెలిసే అన్నాడు.

రోజూ సాయంత్రం అన్నయ్య మొహానికి మందు రాసేది లాడానే. కుట్లు ఎండితే చర్మం పీకి నొప్పి పెడుతుంది, అందుకని గొర్రె కొవ్వు కలిపిన మలాము వేలితో పూసేవాడు. ఇంకెవర్నీ ముట్టుకోనిచ్చేవాడు కాదు బోహుమిల్. ఆ రోజు లాడా పొద్దు ఉండగానే మలాము డబ్బా తెచ్చి, స్టూలును కిటికీ దగ్గరికి లాగాడు.

“ఇక్కడెందుకురా, కంట్లో ఎండ పడుతోంది,” అన్నాడు బోహుమిల్.

“కుట్లు ఎలా ఉన్నాయో చూద్దామని.”

అబద్ధం. పెదవి ఎక్కడ తెగిందో, ముక్కు ఎంత మేర లాక్కుపోయిందో, దవడ గుంటలో నీడ ఎక్కడ మొదలై ఎక్కడ ఆగుతుందో చూశాడు. వేలు మలాము రాస్తోంది, కన్ను కొలతలు తీస్తోంది. ఆ ఎర్రటి గాటు ఫిల్ములో నల్లగా పడుతుందని కూడా అనుకున్నాడు. అన్నయ్య మొహం మీద వేలు ఉండగా అనుకున్నాడు ఆ మాట! తర్వాత దాన్ని తలుచుకున్నప్పుడల్లా ఆ వేలు నరుక్కుంటే బాగుండుననిపించేది.

రాయడం అయ్యాక బోహుమిల్ తమ్ముడి మణికట్టు పట్టుకుని, “ఇవాళ ఎంత నెమ్మదిగా రాశావురా. అమ్మ రాసినట్టుంది,” అన్నాడు.

ఆ ఒక్క మాటకి మనిషన్నవాడు ఆగిపోవాలి. లాడా ఆగలేదు. మర్నాడు పొద్దున్నే అద్దం ముందు కూచుని, వేళ్ళకి తెలిసిన దారినే వేళ్ళని పోనిచ్చాడు. మైనం, దూది, జిగురు, ఎడమ కంట్లో గుడ్డు పొర, పైపెదవిని సగం పైకి మడిచి పట్టే తీగ. ఇన్నేళ్ళలో ఏ మొహమూ అంత తేలిగ్గా రాలేదు. క్విగ్లీ గదిలోకి వచ్చి, చూసి, నెత్తిమీది టోపీ తీశాడు. జోకు వెయ్యలేదు.

“ఎక్కడిదయ్యా ఇది?”

“బుర్రలోంచి వచ్చింది,” అన్నాడు లాడా. పెదవి తీగలో ఉంది కనుక “ఉర్రలోంచి” అని వచ్చింది. దాన్ని ఎవరూ పట్టించుకోలేదు, తనూ పట్టించుకోలేదు.

ముసుగు తీసే ఘట్టం తీసేనాడు సెట్టు మీద వయొలిన్ వాళ్ళని కూచోబెట్టి ఏడుపు పాట వాయించమన్నారు. క్విగ్లీ గొట్టంలోంచి అరుస్తున్నాడు. “లాగింది! చూసింది! నువ్వు సిగ్గుపడు లాడ్! సిగ్గుతో చచ్చిపో!”

దానికి నటన అక్కర్లేకపోయింది. ముసుగు ఊడగానే లాడా కెమెరా వైపు తిరిగాడు. కబురు చెప్పాల్సిన చోటు ఇదేనని పొద్దుటి నుంచీ అనుకుంటూనే ఉన్నాడు. “బోహుమిల్, ఇది నీ మొహం. మన్నించు అన్నయ్యా, మన్నించు,” అన్నాడు. కళ్ళు కారుతూనే ఉన్నాయి. వయొలిన్ వాయించేవాడు వాయింపు ఆపి ముక్కు తుడుచుకున్నాడు. క్విగ్లీ వచ్చి కౌగిలించుకున్నాడు.

పిరికివాడి తెలివి ఎలా ఉంటుందో చూడండి. ఎదురుగా కూచుని చెప్పాల్సిన మాట తెర మీద చెప్పేశాను, ఇక నా బాధ్యత తీరిపోయింది అనుకున్నాడు. అన్నయ్య మొదటి ఆటకే పోతాడు, మొహం చూస్తాడు, ఆ క్షణంలోనే క్షమాపణా చూస్తాడు. ఒకే దెబ్బలో గాయమూ మందూ. తీసిన ముక్కని చిన్న గదిలో వేసి చూపించినప్పుడు కూడా లాడా అదే చూశాడు. తెర మీది మూతి కదిలింది, “మన్నించు” అన్నది స్పష్టంగా కనబడింది. తనన్న మాట తనకి తెలుసు కనుక తనకి కనబడింది. ఆ వృత్తిలో తన నోట్లోంచి ఏ శబ్దం వస్తోందో వినుకునే అలవాటు ఒక్కడికీ లేదు.

షూటింగు చివరి రోజుల్లో ఒక మధ్యాహ్నం వ్లాస్తా మొగుడికి క్యారియరు తెచ్చింది. సెట్టు వెనక, తెరల చాటున, అటు తిరిగి కూచున్న మనిషి వీపు కనబడింది. ఇటు తిరగగానే ఆవిడ నిలబడిపోయింది.

“బావగారూ!” అంది, పెదవులు బాగా కదిలిస్తూ, నెమ్మదిగా, ఇంట్లో అనేటట్టే. “మఫ్లరేదీ? ఎవరు తీసుకొచ్చారు మిమ్మల్ని ఇక్కడికి?”

“నేనే, వ్లాస్తా,” అన్నాడు లాడా.

ఆవిడ చేతిలో క్యారియరు పడిపోలేదు. దాన్ని జాగ్రత్తగా నేల మీద పెట్టింది. దగ్గరికి వచ్చి ఆ మొహాన్ని పరకాయించి చూసింది. తర్వాత కొట్టడానికి చెయ్యెత్తి, ఆ మొహాన్ని కొట్టలేక దించేసింది.

“ఆయనకి తెలుసా?”

“ఇంకా లేదు.”

“ఊళ్ళో ఆయనకున్నది ఒక్క హాలు. ఆ రెండు గంటల చీకటి. అక్కడికి కూడా ఇది తీసుకెళ్ళి పెడుతున్నావా? నీకు తిండి లేకపోయిందా, గుడ్డ లేకపోయిందా? విడుదలయ్యేలోపు నువ్వే చెప్పాలి. ఎదురుగా కూచుని చెప్పాలి. చూడొద్దనుకుంటే ఆయనే మానుకుంటాడు. చెప్పకపోతే నేను చెబుతాను.”

“చెబుతాను. ఒట్టు.”

చెప్పడానికి చాలా ఆదివారాలు వచ్చాయి, పోయాయి. ఒకసారి నోటిదాకా వచ్చింది. బోహుమిల్ ముద్ద నోట్లో పెట్టుకుంటూ, “ఏరా, ఈసారి కబురేంటి? బాతా, కోటా?” అని కన్ను గీటాడు. మింగలేక కక్కలేక లాడా, “ముందే చెప్పేస్తే మజా ఏముంది, చూస్తావుగా,” అన్నాడు. బోహుమిల్ చిన్నపిల్లాడిలా సంబరపడ్డాడు. ఆ రోజు సాయంత్రం లాడా మలాము గబగబా రాసేశాడు. “తొందరా?” అని అడిగాడు అన్నయ్య.

విడుదలకి ముందురోజు వ్లాస్తా నిలదీసింది. “చెప్పావా?”

“చెప్పాను,” అన్నాడు లాడా.

“ఏమన్నాడు?”

“అన్నయ్య సంగతి తెలుసుగా. నవ్వేశాడు.”

ఇది అన్నిటికన్నా పెద్ద తప్పు. మొహం దొంగిలించింది పని కోసమని ఏదో సర్ది చెప్పుకోవచ్చు. ఈ అబద్ధానికి పేరు లేదు. వ్లాస్తా నమ్మింది. బావగారి మంచితనానికి కళ్ళనీళ్ళు పెట్టుకుంది. మర్నాడు బోహుమిల్ హాలుకి బయల్దేరుతుంటే కోటు జేబులో నాలుగు రొట్టెలు పెట్టి, “మీరు దేవుడు బావగారూ,” అంది. అతను ఎందుకన్నదో తెలియక, “దేవుడికి ఇంకో రెండు పెట్టు,” అని వెళ్ళిపోయాడు.

ఆ సాయంత్రం ఊరి నడిమధ్య పెద్ద హాల్లో లాడా వేదిక ఎక్కి జనానికి దండం పెట్టాలి. స్టూడియో వాళ్ళు కారు పంపుతామన్నారు. మధ్యాహ్నం నుంచే నల్ల సూటు వేసుకుని కిటికీ దగ్గర నిలబడ్డాడు. ఈపాటికి ముసుగు తీసి ఉంటుంది, ఈపాటికి అన్నయ్య చదివి ఉంటాడు అని లెక్కపెట్టుకుంటున్నాడు. కోప్పడతాడు. దుకాణం కట్టేస్తాడు. రేపటికి తెరుస్తాడు. అంతేగా.

ఆట ముగిసే వేళ దాటింది. రోజూ అందరికన్నా ముందు వచ్చేసే మనిషి రాలేదు. చాలాసేపటికి మలుపులో కనబడ్డాడు. మఫ్లరు చేతిలో పట్టుకుని, నేల మీద ఈడ్చుకుంటూ, పట్టపగలు బోడి మొహంతో నడిచి వస్తున్నాడు. ఎదురింటి ఆవిడ పిల్లని లోపలికి లాక్కుని తలుపు వేసుకుంది.

బోహుమిల్ వచ్చి తన స్టూలు మీద కూచున్నాడు. వ్లాస్తా పరుగెత్తుకుంటూ వచ్చింది. “మఫ్లరు తీసేశారేం బావగారూ? ఏమైంది?”

“ఇవాళ్టి కథ చెప్పనా అమ్మాయ్?” అన్నాడు, రోజూ చెప్పే ధోరణిలోనే. “భలే కథ. ముసుగు లాగేసరికి నేను కూచున్నాను అక్కడ, పదడుగుల ఎత్తున. ఎంత బాగా చేశావురా లాడా! కంటి కింద ఆ వంకర కుట్టుంది చూడు, నేనే మర్చిపోయాను, నువ్వు మర్చిపోలేదు. ముందు వరసలో ఒకావిడ పడిపోయింది. నా పక్కవాడు కుర్చీలోంచి లేచి వెళ్ళి వెనక నిలబడ్డాడు. నేనూ వెళ్ళిపోదామనుకున్నాను.”

“మరి వెళ్ళిపోలేదేం?” అంది వ్లాస్తా ఏడుస్తూ.

“కబురు రాలేదుగా! వాడు కబురు చెప్పకుండా ఉండడు. ఇలాంటి పని చేసినవాడు అసలే ఉండడు. ఇక్కడ చెబుతాడు, ఇదిగో ఇక్కడ చెబుతాడు అని చివరి అచ్చు దాకా వాడి మూతే చూస్తూ కూచున్నాను. ఎప్పుడు దీపాలు వెలిగాయో చూసుకోలేదు. మఫ్లరు ఒళ్ళో ఉంది.”

లాడా కిటికీ దగ్గరి నుంచి ఇటు తిరిగాడు.

“నన్ను చూసి జనం అరుస్తారనుకున్నాను. అరవలేదర్రా. చప్పట్లు కొట్టారు! సినిమావాళ్ళు వేషం వేసి ప్రచారానికి పంపిన మనిషిననుకున్నారు. ఒకడు ‘భేష్’ అన్నాడు. ఒకామె దగ్గరికొచ్చి, ‘దీన్ని దేంతో అంటిస్తారండీ’ అని ఇక్కడ పట్టుకుని లాగింది.” దవడ గుంట దగ్గర చూపించాడు. అక్కడ గోరు దిగి నెత్తురు ఎండిపోయి ఉంది. “ఊడి రాలేదు. ‘అబ్బ, ఎంత గట్టిగా అంటించారో’ అంది. హాలు మేనేజరు వచ్చి చెయ్యి పట్టుకుని ఊపాడు. వారమంతా గుమ్మం దగ్గర నిలబడాలట. ఇన్నేళ్ళు అదే హాలుకి పోయాను, వాడు నాకు చెయ్యివ్వడం ఇదే మొదలు.”

వ్లాస్తా మొగుడి వైపు తిరిగింది. “చెప్పానన్నావు. నవ్వేశాడన్నావు.”

ఆ పెదవుల్ని బోహుమిల్ కూడా చూశాడు. తమ్ముడి వైపు చూశాడు. అతని మొహంలో కోపం లేదు. కోపమే ఉండి ఉంటే బాగుండేది.

“చెప్పాను అన్నయ్యా,” అన్నాడు లాడా ముందుకొచ్చి, మోకాళ్ళ మీద కూలబడి. “నీకు చెప్పాను. తెర మీద చెప్పాను. ముసుగు తీయగానే ఇటు తిరిగి నీకే చెప్పాను!”

“ఎక్కడ? అక్కడ నీ మూతి కదిలింది. మాట లేదు.”

“మన్నించమని చెప్పాను. రెండుసార్లు. నీ పేరు పెట్టి.”

బోహుమిల్ తన వేలితో తన పైపెదవి లేని చోటు తడుముకున్నాడు.

“ఆ మూతితోనా?” అన్నాడు. “పిచ్చివాడా. ఆ మూతితో ఆ మాట రాదురా. నా పేరూ రాదు. ఆసుపత్రి నుంచి వచ్చినప్పటి నుంచీ ప్రయత్నిస్తున్నాను, నాకు తెలీదూ? నా మొహమంతా తీసుకున్నావు గానీ, దాంతో ఏం పలకలేనో ఒక్కసారి గుర్తు చేసుకోలేదు.”

లాడాకి అప్పుడు వినబడింది. ఆ రోజు సెట్టు మీద, వయొలిన్ కింద, తన నోట్లోంచి వచ్చిన శబ్దం. ఒహు-ఇల్. అన్నించు, అన్నించు. ముక్కులోంచి కాస్త గాలి. ఇంట్లో రోజూ వినే శబ్దమే.

“ఇప్పుడు నీ మూతి బాగానే ఉందిగా,” అన్నాడు బోహుమిల్. వెలుతురు తమ్ముడి మొహం మీద పడేలా స్టూలు కాస్త పక్కకి జరుపుకున్నాడు. “చెప్పు. చూస్తున్నాను.”

ఒక్క మాట. అంతే కావలసింది. వెలుగులో, సొంత మొహంతో, ఒక్క మాట. లాడా నోరు తెరిచాడు.

“ఆ క్విగ్లీ నన్ను ఊపిరాడనివ్వలేదు అన్నయ్యా,” అన్నాడు. “ఏ మొహం చూపించినా కాదన్నాడు, ఇంకొకణ్ణి పెట్టుకుంటానన్నాడు. నీకెలాగూ తెలుస్తుందనే, మన ఏర్పాటు ఉంది కదా అనే, నేను చెబుదామనే అనుకున్నాను, ఆ ఆదివారం నువ్వే బాతా కోటా అనేసరికి...”

బోహుమిల్ కన్ను మూసుకున్నాడు.

లాడా మాట ఆగిపోయింది. చేతులు కాలాక ఆకుల కోసం వెతుక్కున్నట్టు, అప్పుడు దొరికింది ఆ మాట. “మన్నించు,” అన్నాడు. రెండు పెదవులూ గట్టిగా కలిపి, విడదీసి, అక్షరం అక్షరం దిద్దినట్టు అన్నాడు. “బోహుమిల్, మన్నించు.” అంత చక్కగా అతను జన్మలో పలకలేదు. ఎదురుగా కన్ను మూసే ఉంది.

“దుకాణం కట్టేశారు,” అని వ్లాస్తా అనలేదు. అలమరలోంచి మలాము డబ్బా తీసింది. లాడా చెయ్యి చాచాడు. ఆవిడ ఇవ్వలేదు. తనే వేలితో తీసి, గోరు దిగిన చోట నెమ్మదిగా పూసింది. తమ్ముడి చెయ్యి కాదని బోహుమిల్‌కి చర్మం మీదే తెలిసి ఉంటుంది. అయినా మొహం పక్కకి తిప్పుకోలేదు. కొత్త చేతికి అలవాటు పడుతున్నవాడిలా ఊరుకున్నాడు.

బయట కారు వచ్చి హారను కొట్టింది. మళ్ళీ కొట్టింది. ఇంట్లో ఇద్దరికి వినబడింది. “పో, వాళ్ళు నీ కోసం కనిపెట్టుకుని ఉన్నారు,” అంది వ్లాస్తా, అతని వైపు చూడకుండా.

లాడా కదల్లేదు. నల్ల సూటుతో అలాగే వంటింటి నేల మీద, అన్నయ్య కన్ను ఎప్పుడు తెరిచినా మొదట తన నోరే కనబడేలా ఎదురుగా కూచున్నాడు. మ అనాలంటే ముందు పెదవులు కలవాలి. అతను కలిపి పెట్టుకుని కూచున్నాడు.